గొంతు ఒకరిది, రూపం ఇంకొకరిది: 'ది స్టూడెంట్ ప్రిన్స్'

[తెరపై: బీరు మగ్గులెత్తి పాడుతున్న విద్యార్థులు, మధ్యలో యువరాజు]

నమస్కారం. ఈ యువరాజు వేషంలో ఉన్న నటుడు ఎడ్మండ్ పర్డమ్. మీరు వింటున్న గొంతు మాత్రం మారియో లాంజా అనే అమెరికన్ గాయకుడు, నటుడిది. ఘంటసాల పాడితే ఎన్టీఆర్, ఏఎన్నార్ పెదవులు కదపడం మనకు అలవాటే. కానీ 1954లో హాలీవుడ్ స్టూడియో ఎంజీఎం తీసిన ఈ 'ది స్టూడెంట్ ప్రిన్స్' సినిమాకి ముందు హీరోగా అనుకున్నది లాంజానే.

[తెరపై: హైడెల్‌బర్గ్, నది ఒడ్డు]

కథ చిన్నది. యువరాజు కార్ల్ చదువు కోసం జర్మనీలోని హైడెల్‌బర్గ్ వస్తాడు. సత్రంలో పనిచేసే కేథీని ప్రేమిస్తాడు. అంతలో రాజుగారు, అంటే తాతగారు, కన్నుమూస్తారు. ఇక సింహాసనం ఎక్కాలి, కుదిర్చిన రాకుమారిని పెళ్లాడాలి. ఈ సినిమాకి మూలం ఇదే పేరున్న ఆపెరెట్టా. ఆపెరెట్టా అంటే మాటలూ పాటలూ కలిసిన తేలికపాటి సంగీత నాటకం. చివర్లో జంట కలవడం అందులో రివాజు. ఇక్కడ కలవరు. నాకీ కథ మీద ప్రేమ అందుకే.

సంగీతం సిగ్మండ్ రాంబర్గ్‌ది. హంగేరీలో పుట్టాడు, వియన్నాలో ఉన్నాడు, అక్కడి వాల్ట్‌జ్ అనే నృత్య లయని న్యూయార్క్ తీసుకెళ్లాడు. 1924 డిసెంబరు 2న న్యూయార్క్ నాటకశాలల కేంద్రం బ్రాడ్‌వేలో మొదలైన ఈ నాటకం 608 ప్రదర్శనలు ఆడింది. అప్పుడు అమెరికాలో మద్యనిషేధం. మగ్గులెత్తి పాడే ఆ పాటకి జనం ఎంత ఊగిపోయి ఉంటారో ఊహించుకోండి! 1927లో దర్శకుడు లుబిచ్ ఈ కథని మూకీగానే తీశాడు.

[తెరపై: లాంజా ఫొటో, మైకు ముందు]

ఇప్పుడు గొడవ దగ్గరికి వద్దాం. 1952లో లాంజా పాటలు రికార్డు చేశాడు. 'బిలవ్డ్' అనే పాటలో మరీ ఆవేశం ఉందని దర్శకుడు కర్టిస్ బెర్న్‌హార్ట్ అన్నాడు. రాకుమారుడు నిగ్రహంగా ఉండాలన్నది ఆయన పట్టు. లాంజా సినిమా వదిలేశాడు, స్టూడియో కోర్టుకెక్కింది. చివరికి రాజీ కుదిరింది: గొంతు సినిమాలో ఉంటుంది, మనిషి ఉండడు. బెర్న్‌హార్ట్ కూడా మారిపోయి, రిచర్డ్ థార్ప్ తీశాడు. కేథీగా వేసిన ఆన్ బ్లైత్ మాత్రం తన పాటలు తనే పాడింది.

చాలామంది దీన్ని అతుకులబొంతగా చూస్తారు. నేను ఒప్పుకోను. పైకి రాజమర్యాద, లోపల కాలిపోతున్న గుండె... కార్ల్ అంటేనే అది కదా! దర్శకుడు అడిగిన నిగ్రహం పర్డమ్ ఒంట్లో ఉంది, లాంజా వదులుకోనన్న ఆవేశం పాటలో ఉంది.

తాతగారి శవపేటిక దగ్గర వచ్చే 'ఐల్ వాక్ విత్ గాడ్' వినండి. రాంబర్గ్ రాసింది కాదు, సినిమా కోసం నికలస్ బ్రాడ్‌స్కీ కట్టిన బాణీ. పర్డమ్ నిలబడిన తీరు చూస్తూ, ఆ గొంతు పైకి లేచే చోట ఆగండి.

[తెరపై: ఆ సన్నివేశం]