ఫ్యూజు మార్చే ముందు మల్టీమీటరు చేతిలోకి తీసుకోండి

నమస్కారమండీ. ముందు ఇది చూడండి. లాన్‌కి నీళ్లు పెట్టే స్ప్రింక్లర్ కంట్రోలర్ లోంచి ఇప్పుడే తీసిన ఫ్యూజు. చిటికెన వేలి గోరంత వెడల్పు కూడా ఉండదు, 20 మిల్లీమీటర్ల పొడవు. వెలుతురుకి ఎదురుగా పెడుతున్నాను... లోపల వెంట్రుకలాంటి తీగ ఉండాలి, లేదు. గాజంతా మసి పట్టింది. తీగ మెల్లగా కరిగి తెగితే గాజు దాదాపు శుభ్రంగానే ఉంటుంది. ఇంత మసి ఉందంటే ఎక్కడో గట్టిగా షార్ట్ అయినట్టే.

అసలు అనుమానం ఎలా వచ్చిందంటే, తెర వెలుగుతోంది, టైము కరెక్టుగా ఉంది, స్టేషన్ నంబర్లు కూడా మారుతున్నాయి. స్టేషన్ అంటే ఒక వాల్వుతో నీళ్లు పారే లాన్ భాగం. కానీ గడ్డి మీద చుక్క నీరు లేదు. ఒక్క స్టేషన్ పనిచేయకపోతే ఆ వాల్వునో దాని వైరునో అనుమానించాలి. అన్నీ ఒకేసారి మొరాయిస్తే ముందు చూడాల్సింది ఫ్యూజునే. మీ కంట్రోలర్‌లో కార్లలో వాడే రెండు కాళ్ల ఫ్యూజు ఉండొచ్చు. కొత్త మోడళ్లలో అసలు ఫ్యూజే ఉండకపోవచ్చు, లోపలే తనంతట తాను ఆగిపోయే ఏర్పాటు ఉంటుంది.

మూత తీసే ముందు ఒక మాట. డయల్‌ని ఆఫ్‌లో పెడితే ప్రోగ్రామ్ ఆగుతుంది, కరెంటు ఆగదు. ప్లగ్ పీకండి, లేదా మెయిన్ దగ్గర ఆపండి. వాల్వులకి వెళ్లేది 24 వోల్టులే అయినా, కొన్ని డబ్బాల్లో ట్రాన్స్‌ఫార్మర్ లోపలే ఉంటుంది, అంటే ఇంటి కరెంటు అక్కడిదాకా వస్తోందన్నమాట.

ఇక్కడ నా ఘనకార్యం ఒకటి చెప్పాలి. మొదటిసారి ఇలా పోయినప్పుడు కొత్తది వేశాను, టక్కున పోయింది. ఇంకోటి వేశాను, అదీ పోయింది. చేతిలో మిగిలింది ఎక్కువ ఆంపియర్లది, సర్లే అని అదే బిగించాను. ఈసారి ఫ్యూజు పోలేదండీ. ట్రాన్స్‌ఫార్మర్ పోయింది! కాబట్టి పాత ఫ్యూజు మూత మీద ఎంత రాసి ఉంటే అంతే వేయాలి. సిగరెట్ పెట్టె రేకు చుట్టే తెలివి అస్సలు వద్దు.

సరే, మీటరు తీద్దాం. ఓమ్స్‌లో, అంటే నిరోధం కొలిచే చోట, 200 దగ్గర పెట్టాను. కామన్ వైరు, అంటే అన్ని వాల్వులకీ ఉమ్మడిగా వెళ్లేది, సాధారణంగా తెల్లది, సి అని రాసిన చోట ఉంటుంది. దాన్నీ, స్టేషన్ వైర్లనీ విప్పేశాను. ఏ వైరు ఎక్కడిదో ముందే ఫోటో తీసుకున్నాను, మీరూ తీసుకోండి. ఒక కొస కామన్‌కి, రెండో కొస ఒక్కో స్టేషన్‌కి. ఒకటి... 28. రెండు... 31. మూడు... 27. వాల్వుని తెరిచే తీగ చుట్టే కాయిల్. మంచి కాయిల్ మామూలుగా 20 నుంచి 60 మధ్య చూపిస్తుంది. నాలుగు... చూశారా, 3! దొంగ దొరికాడు. అసలు అంకే రాకపోతే వైరో, కాయిల్ లోపలి తీగో తెగినట్టు. దాంతో ఆ స్టేషన్ పనిచేయదు గానీ ఫ్యూజు పోదు.

ఇప్పుడు తప్పు కాయిల్‌దా, దారిలో వైరుదా? వాల్వ్ బాక్స్ దగ్గరికి వచ్చాను. మూత కింద చీమల సంసారం, కాస్త బురద, మామూలే. కాయిల్ వైర్లు రెండూ విడదీసి నేరుగా కొలుస్తున్నాను... 3. అంటే వైరు బాగానే ఉంది, కాయిలే కాలింది. ఇక్కడ 30 వచ్చి ఉంటే పార తగిలి వైరు ఎక్కడ చీలిందో వెతుక్కుంటూ లాన్ తవ్వేవాణ్ణి, బతికిపోయాను.

నీళ్లు కట్టేసి, పాత సొలెనాయిడ్‌ని, అంటే ఆ కాయిల్ ఉన్న భాగాన్ని, చేత్తోనే తిప్పి తీశాను, కొత్తది బిగించాను. జాయింటుకి మామూలు టేపు చుట్టకండి, ఆ తేమలో ఎక్కువ కాలం ఆగదు. లోపల గ్రీజు ఉండే వాటర్‌ప్రూఫ్ కనెక్టర్ వాడండి. అన్నట్టు, ఏ స్టేషన్ వేసినా ఫ్యూజు పోతుంటే మొత్తం నీటిని ఆపే మాస్టర్ వాల్వునీ, పంపుని ఆన్ చేసే స్విచ్ లాంటి పంపు రిలేనీ చూడండి. ప్రతి స్టేషన్‌తోనూ కలిసి ఆన్ అయ్యేవి అవే.

వైర్లన్నీ ఫోటో చూసి కలిపేశాను. కొత్త ఫ్యూజు, అదే ఆంపియర్. కరెంటు ఇచ్చాను. నాలుగో స్టేషన్, మాన్యువల్... ఆ టక్ శబ్దం విన్నారా? కెమెరా పక్కకి జరుపుతున్నాను, తడిసేలా ఉంది.