‘జ్యూస్’లో కూలరు ఎక్కడుందో చూశారా?

“పావుగంట కూర్చుని చూశాను, ఏమీ జరగలేదు.” నీరజ్ ఘైవాన్ తీసిన ‘జ్యూస్’ గురించి ఈ మాట విన్నప్పుడల్లా నాకు ప్రాణం ఉసూరుమంటుంది. 2017లో వచ్చిన చిన్న హిందీ సినిమా అది. అందులో చాలా జరిగింది. కూలరును గమనిస్తూ చూడాలి, అంతే. ముగింపు కూడా చెప్పేస్తున్నాను, చూడనివాళ్లు ముందు చూసి రండి.

ఎండాకాలం. మంజు అనే ఇల్లాలి ఇంటికి అతిథులు వచ్చారు. ముందుగదిలో మగవాళ్ల కబుర్లు. కూలరు అక్కడే. వంటగదిలో ఆడవాళ్లు, పొయ్యి సెగ, చెమట. పాత టేబుల్ ఫ్యాను ఉన్నా సరిగా పనిచేయదు. మంజు భర్త ఆమె మీద చేయి చేసుకునే మనిషి కాడు. కూర్చున్న చోటి నుంచి కేకేస్తాడు, అంతే. విలన్ ఉంటే మన కోపానికి ఒక చిరునామా ఉండేది. కూలరు అక్కడే ఉండాలని ఆ ఇంట్లో ఎవరూ తీర్మానం చేయలేదు. అతిథులు కూర్చునే చోట పెట్టారు. మరి ఆ రోజు వచ్చిన ఆడవాళ్లు అతిథులు కారా? వాళ్లంతా వంటగదిలో ఎందుకు ఉన్నారు? నన్ను అడిగితే సినిమా మొత్తం ఈ ప్రశ్నలోనే ఉంది.

చివర్లో మంజు గ్లాసులో చల్లటి జ్యూసు పోసుకుని, కుర్చీ లాక్కెళ్లి, సరిగ్గా ఆ కూలరు ముందు వేసుకుని కూర్చుంటుంది. మగవాళ్ల మాటలు ఆగిపోతాయి. మంజుగా నటించిన షెఫాలీ షా ఒక్క మాట అనదు, భర్త కళ్లలోకి చూస్తుంది. ఆ చూపులో అలసట, కోపం, ఏడుపు మూడూ ఉన్నాయి. ఈ పాత్రకు ఆమెకు ఫిల్మ్‌ఫేర్ రావడం న్యాయం. కూలరు సంగతి పట్టించుకోనివాళ్లకు మాత్రం ఒకావిడ వచ్చి గాలికి కూర్చుంది, అంతే.

సమయం అయిపోతోంది, మిగతావి గబగబా చెప్పేస్తాను. శబ్దం వినండి: ఇటు పొయ్యి మీద చప్పుడు, అటు ముందుగదిలో నవ్వులు. పిల్లల్లో ఆడపిల్లనే పిలిచి మగపిల్లలకు వడ్డించమంటారు. అంటే కూలరు ఎవరిదో ఆ పాపకు అప్పుడే నేర్పేస్తున్నారు. ఇక టీ దగ్గర అందరికీ కప్పులు, పనిమనిషికి స్టీలు గ్లాసు. అది ఇస్తున్నది ఉక్కపోతలో ఉడుకుతున్న ఈ ఆడవాళ్లే. మంజు ఎలాగో కూలరు దాకా వెళ్లింది. పనిమనిషి సంగతి సినిమా తేల్చదు, దాని మీద విడిగా ఇంకో వీడియో చేస్తాను.