తిరుమల కొండ వయసెంత?

శ్రోతలకు నమస్కారం. కొండలు శాశ్వతమనీ, మనిషి బతుకు మూణ్ణాళ్ల ముచ్చటనీ వింటూ పెరిగినవాళ్లం మనం. రెండో మాటను నేను కాదనను. మొదటి మాటను మాత్రం తిరుమల ఘాట్ రోడ్డు పక్కన ఉన్న రాతిగోడ ఒప్పుకోదు.

రోడ్డు కోసం తొలిచిన చోట కొండ లోపలి రాయి బయటపడి కనిపిస్తుంది. కింద పొరలు లేకుండా ముద్దగా బిగిసిన గ్రానైట్ ఉంటుంది. దాని మీద అడ్డపొరలుగా క్వార్ట్‌జైట్, అంటే ఇసుక బిగిసి ఏర్పడిన గట్టి రాయి, ఉంటుంది. పై రాయి వయసు దాదాపు 160 కోట్ల సంవత్సరాలు. కింది రాయి దానికన్నా సుమారు 80 కోట్ల సంవత్సరాలు పెద్దది. రెండూ ఒకదాన్నొకటి ఆనుకునే ఉన్నాయి, అరచేయి పెడితే రెండింటికీ తగులుతుంది, మధ్యలోని 80 కోట్ల సంవత్సరాలకు మాత్రం అక్కడ ఆనవాలు లేదు.

ఆ కాలమంతా ఏమైంది? గ్రానైట్ భూమి లోతుల్లోనే గట్టిపడుతుంది కనుక, దాని మీదున్న రాయంతా అరిగి కొట్టుకుపోతే తప్ప అది వెలుగు చూడదు. కొట్టుకుపోయింది. అలా అరిగిన నేల మీదికి తర్వాతెప్పుడో నీళ్లు వచ్చి ఇసుక పరిచాయి. ఆ ఇసుకే బిగిసి, పైకి లేచి, మనం గోవింద నామాలతో ఎక్కే కొండ అయింది. అంటే కొండ కూడా పుట్టిందే, కొండ కూడా అరుగుతున్నదే. ఈ సంగతి తెలిశాక నాకు కొండ మీద భక్తి తగ్గలేదు, చనువు పెరిగింది.

మరి మన లెక్క ఎంత? అలిపిరి మెట్ల దారి సుమారు 9 కిలోమీటర్లు. ఆ 80 కోట్ల సంవత్సరాలను ఈ దారి పొడవునా పరిస్తే, 1408 నుంచి 1503 వరకు నిండుగా జీవించిన అన్నమయ్య ఆయుష్షుకు ఒక మిల్లీమీటరు పైన కాస్త వస్తుంది. ఆ కాస్త చోటులో ఆయన అన్ని వేల సంకీర్తనలు పాడాడు!

భారత భూవిజ్ఞాన సర్వేక్షణ సంస్థ ఈ రాతి సంధిని జాతీయ భూవైజ్ఞానిక స్మారక చిహ్నంగా గుర్తించింది. అయినా బస్సులో చాలామంది ఈ మలుపుల దగ్గర కళ్లు మూసుకునే ఉంటారు. కడుపులో తిప్పుతుంది కాబట్టి వారిని తప్పుపట్టలేను. వీలైతే కొండవైపు కిటికీ దగ్గర కూర్చోండి. సొంత బండిలో వెళ్లేవారు మాత్రం చూడాలన్న సరదాతో దాన్ని రాతిగోడ కింద ఆపవద్దు. వాన నీరు పగుళ్లలోకి దిగితే ఈ పొరలు విడిపోతాయి. 2021 డిసెంబరులో రెండో ఘాట్ రోడ్డు మీద పెద్ద బండలే విరిగిపడ్డాయి. తీరిగ్గా చూడాలనుకుంటే గుడికి కిలోమీటరు దూరంలో ఉన్న శిలాతోరణం దగ్గరికి వెళ్లండి, అదీ ఈ క్వార్ట్‌జైటే.