ఆయుధ పోటీ: పద్దులో కనిపించని ఖర్చు

సభకు నమస్కారం.

మన విశాఖ రామకృష్ణా బీచ్ రోడ్డుకు ఒక పక్క కురుసుర జలాంతర్గామి, మరో పక్క టీయూ-142 విమానం మ్యూజియంలుగా ఉన్నాయని ఈ ఊరివారికి చెప్పనక్కరలేదు. రెండూ సోవియట్ యూనియన్‌లో తయారైనవే. అయితే ఆ విమానం పుట్టిందే జలాంతర్గాములను వేటాడడానికి. 1960లో అమెరికా పొలారిస్ అణు క్షిపణులు మోసే జలాంతర్గాములను సముద్రంలోకి దింపితే, వాటి జాడ తీయడం కోసం సోవియట్ ఇంజనీర్లు తమ టీయూ-95 బాంబరును మార్చి ఈ విమానాన్ని రూపొందించారు. అది సైన్యానికి అందేసరికి 1970ల ఆరంభమైంది. ఆ దశాబ్దం ముగిసేలోపే అమెరికా ఏడువేల కిలోమీటర్లకు పైగా పోగల ట్రైడెంట్ క్షిపణిని తెచ్చింది. ఇక జలాంతర్గామి శత్రుతీరానికి దగ్గరగా రావలసిన పనే లేకపోయింది; వెతకవలసిన సముద్రం ఎన్నో రెట్లు పెరిగింది. విమానంలో లోపమేమీ లేదు, దాని విలువ మాత్రం తగ్గిపోయింది. వాడకం వల్ల కాక ఎదుటివారి నిర్ణయం వల్ల వచ్చే ఈ తరుగుదలను ఏ బడ్జెట్టూ ముందుగా లెక్క కట్టలేదు.

ఒక్కోసారి ఆ దెబ్బ సొంత చేతులతోనే తగులుతుంది. 1906లో బ్రిటన్, అంతవరకున్న నౌకలన్నిటినీ మించిన డ్రెడ్‌నాట్ యుద్ధనౌకను దించినప్పుడు పాతబడిపోయినవాటిలో తన నౌకలే ఎక్కువ. జర్మనీతో పోటీ ముదిరాక, 1909లో ఆ నౌకలకూ, డెబ్బై ఏళ్లు దాటిన పేదలకు అప్పుడే మొదలైన పింఛనుకూ కలిపి డబ్బు కావలసి వచ్చింది. ఆర్థికమంత్రి లాయిడ్ జార్జ్ సంపన్నులపైనా భూస్వాములపైనా పన్ను వేశాడు. ప్రభువుల సభ ఆ బడ్జెట్టును తిప్పికొట్టింది. చివరికి 1911లో ఆ సభ అధికారానికే కత్తెర పడింది. అదే 1909లో జర్మనీలో వారసత్వపు పన్నును విస్తరించడానికి పార్లమెంటు ఒప్పుకోలేదు, ప్రధాని బ్యూలోవ్ రాజీనామా చేశాడు. నౌకలు కావాలన్న భూస్వామ్య వర్గమే వాటికి పన్ను కట్టనంది. ఆ పోటీలో జర్మనీ వెనకబడడానికి ఉక్కు కొరత కారణం కాదు, ఖర్చు ఎవరు భరించాలో తేల్చుకోలేకపోవడం ఒక ముఖ్య కారణం.

ఖర్చు ఎంతో పైకి చెప్పనే చెప్పని దేశం గతి ఏమిటన్నది సోవియట్ అనుభవంలో చూడాలి. ఏళ్ల తరబడి ఆ దేశం రక్షణ బడ్జెట్టు దాదాపు మారకుండా, ఇంచుమించు 17 నుంచి 20 బిలియన్ రూబుళ్ల మధ్యే ప్రకటించింది. 1989 మే నెలలో ఆ దేశ నేత గోర్బచేవ్ అసలు అంకె 77.3 బిలియన్లని ప్రకటించారు. అదీ పూర్తి లెక్క కాదని చాలామంది ఆర్థికవేత్తలు అన్నారు. అంతకుముందు 1976లో అమెరికా గూఢచార సంస్థ సీఐఏ కూడా తన అంచనాను సవరించుకుని, సోవియట్ జాతీయోత్పత్తిలో రక్షణ వాటా 6 నుంచి 8 శాతం కాదు, 11 నుంచి 13 శాతమని తేల్చింది. సోవియట్ సైన్యం ఒక్కసారిగా పెరిగిందని కాదు, అదే ట్యాంకు, అదే క్షిపణి తయారు చేయడానికి వాళ్లకు అనుకున్నదానికంటే ఎంతో ఎక్కువ పడుతోందని దాని అర్థం. ఆ సవరణ విని వాషింగ్టన్‌లో కొందరు భయపడ్డారు. నిజానికి అది బలానికి కాదు, బలహీనతకు ఆధారం.

ఎక్కువ ఎందుకు పడింది? సోవియట్ ఫ్యాక్టరీలలో సైన్యం తరఫున కూర్చునే తనిఖీ అధికారులు ఉండేవారు. వచ్చిన సరుకులో మేలైనది వారు ఏరుకునేవారు. వారు వద్దన్నది పౌర అవసరాలకు పోయేది. మంచి ఉక్కు, మంచి యంత్రాలు, చురుకైన పట్టభద్రులు ముందు రక్షణ శాఖలకే. దాంతో ట్రాక్టరుకూ, ఇంటి టీవీకీ మిగిలింది తిరస్కరించిన సరుకే. ఆ నష్టం రక్షణ పద్దులో కనపడదు, పొలంలో ఆగిపోయిన ట్రాక్టరు దగ్గర కనపడుతుంది. 1972లో ఆ దేశం అమెరికా నుంచి భారీగా ధాన్యం కొన్నది. పోటీ ఒక్కటే ఆ రాజ్యాన్ని కూల్చిందనడం మాత్రం అతి. సాగు విధానంలోని లోపాలు, 1986లో చమురు ధరల పతనం కూడా ఉన్నాయి. అయితే చేను మేస్తున్నది కంచేనని చూడగలిగిన లెక్కలు పాలకుల ముందైనా సరిగ్గా లేవు.

గెలిచినవారికీ బిల్లు తప్పలేదు. అణ్వాయుధాలపై 1940 నుంచి 1996 వరకు అమెరికా ఖర్చు, 1996 నాటి డాలర్లలో, దాదాపు 5.5 ట్రిలియన్లని బ్రూకింగ్స్ సంస్థ అధ్యయనం లెక్కగట్టింది. అణుబాంబులకు ప్లుటోనియం తయారైన అమెరికాలోని హ్యాన్‌ఫర్డ్‌లో భూమిలో పాతిన 177 ట్యాంకుల నిండా రేడియోధార్మిక వ్యర్థాలు పోగుపడ్డాయి. 1989లో మొదలైన వాటి శుద్ధి ఇంకా సాగుతూనే ఉంది.

ఇక్కడ ఒక ఆక్షేపణ న్యాయమైనదే. తూర్పు నౌకాదళం, డాక్‌యార్డు లేకపోతే విశాఖలో ఎన్ని ఇళ్లలో పొయ్యి వెలుగుతుంది? ఈ సభలోనే ఆ జీతాలతో పిల్లలను చదివించినవారు ఉన్నారు. జీతం జీతమే, కాదనను. కానీ 1948లో నెహ్రూ చేతుల మీదుగా జలఉష నౌక నీటిలోకి దిగిన మన షిప్‌యార్డు వాణిజ్య నౌకల కోసం పుట్టింది. 2010లో అది రక్షణ శాఖ కిందికి వెళ్లింది. ఆ యార్డు కష్టాలకు కారణాలు అనేకం, అవన్నీ పోటీ మీదికి నెట్టను. అయితే పోల్చి చూడవలసిన దేశం ఒకటుంది. అమెరికా రక్షణ గొడుగు కింద ఉండి జాతీయోత్పత్తిలో ఒక శాతం దగ్గరే రక్షణ ఖర్చును ఉంచిన జపాన్, 1970ల నడుమ ప్రపంచపు కొత్త వాణిజ్య నౌకల్లో దాదాపు సగం కట్టింది. అలాంటి గొడుగు మనకు లేదు, చైనా సరిహద్దు మాత్రం ఉంది.

2024లో ప్రపంచ సైనిక వ్యయం 2,718 బిలియన్ డాలర్లని స్టాక్‌హోమ్‌లోని శాంతి పరిశోధన సంస్థ సిప్రి అంచనా. మనది 86 బిలియన్లు, అయిదో స్థానం. 2025-26 కేంద్ర బడ్జెట్టులో రక్షణకు 6.81 లక్షల కోట్లు కేటాయించగా, అందులో పింఛన్లకే 1.6 లక్షల కోట్లకు పైగా, కొత్త ఆయుధాలూ నౌకలూ వగైరాలకు 1.8 లక్షల కోట్లు పోతాయి. మన దగ్గర ఈ అంకెలు అచ్చులో ఉన్నాయి, ప్రభుత్వ ఖర్చును తనిఖీ చేసే కాగ్ నివేదికలు ఉన్నాయి. కొన్న ప్రతి ఆయుధానికీ ముప్పై ఏళ్ల నిర్వహణ ఖర్చు ఎంతో, చురుకైన ఇంజనీర్లు రక్షణ పనులకు పోతే పౌర అవసరాల్లో ఏ పని ఆగుతుందో మాత్రం ఆ కాగితాల్లో లేదు. పార్లమెంటులో పద్దులు చర్చకు వచ్చినప్పుడు మన సభ్యులు అడగవలసింది ఆ రెండు అంకెలనే. ఇక మీ ప్రశ్నలు వింటాను.