బ్రోషర్‌లో క్రియాపదాలు చదవండి
(రాజమండ్రిలో విశ్రాంత ఉద్యోగుల సమావేశంలో చేసిన ప్రసంగం)

అందరికీ నమస్కారం.

యూరప్ కోచ్ టూర్, అంటే బృందంగా బస్సులో తిరిగే యాత్ర, ఎలా ఎంచుకోవాలో చెప్పమని నన్ను పిలిచారు. నేను ట్రావెల్ ఏజెంటుని కాను. 32 ఏళ్లు జూనియర్ కాలేజీలో తెలుగు పాఠం చెప్పినవాణ్ణి. యూరప్‌కి రెండుసార్లు వెళ్లొచ్చాం. మొదటిసారి టూర్ ఎంచుకోవడంలో బోల్తా పడ్డాను, రెండోసారి ఫర్వాలేదు. నా అర్హత అంతే.

మొదటిది 10 రోజులు, 7 దేశాలు. బ్రోషర్ చూసి మా ఆవిడ, "దేశానికి ఎంత పడుతోందో లెక్క వేయండి, ఎంత చవకో" అంది. నాకూ అలాగే తోచింది. దేశాల్ని వంకాయల్లా కిలోల లెక్కన బేరం చేశామన్నమాట. అందులో లీక్టెన్‌స్టైన్ అని ఒక దేశం ఉంది. అక్కడ మేము 40 నిమిషాలు ఉన్నాం. 20 నిమిషాలు టాయిలెట్ క్యూలో గడిచాయి. అయినా లెక్కలో అదీ ఒక దేశమే.

అసలు దెబ్బ తగిలింది ఇటలీలో. ఆ రోజు కార్యక్రమం బ్రోషర్‌లో ఎలా ఉందో నా తెలుగులో చెబుతాను: "ఉదయం పిసా చేరుకుని, వాలిన గోపురం చూసి, ఫ్లోరెన్స్‌కు ప్రయాణించి, మైకెలాంజెలో చౌకు నుంచి నగర సౌందర్యం తిలకించి, హోటల్‌కు చేరుకుంటారు."

ఈ వాక్యాన్ని క్లాసులో ఇస్తే ఏం అడుగుతాను? సమాపక క్రియ ఏది అని అడుగుతాను. చేరుకుని, చూసి, ప్రయాణించి, తిలకించి, ఇవన్నీ అసమాపక క్రియలే. వాక్యం మొత్తానికి సమాపక క్రియ ఒక్కటే, హోటల్‌కు "చేరుకుంటారు". ఆ రోజు నిజంగా పూర్తయిన పని కూడా అదొక్కటే. 32 ఏళ్లు పిల్లలకి ఇదే చెప్పి, డబ్బు కట్టేటప్పుడు మాత్రం నాకు కనిపించలేదు.

మైకెలాంజెలో చౌకు అంటే ఊరికి అవతల, నది దాటాక ఉన్న గుట్ట. అక్కణ్ణుంచి చూస్తే ఫ్లోరెన్స్ అంతా కనిపిస్తుంది. అక్కడి పెద్ద చర్చి మీద బ్రునెలెస్కీ అనే వాస్తుశిల్పి కట్టిన, 1436లో పూర్తయిన ఎర్ర గుమ్మటం ఎంత బావుంటుందో మాటల్లో చెప్పలేను. ఆ చౌకు మధ్యలో ఒక డేవిడ్ విగ్రహం ఉంది, కంచుది. అందరం దాని ముందు నిలబడి ఫొటోలు దిగాం. అది నకలు. మైకెలాంజెలో చెక్కిన పాలరాతి అసలు విగ్రహం కింద ఊళ్లో అకాదెమియా మ్యూజియంలో ఉంది. గుట్ట మీద మాకిచ్చింది 35 నిమిషాలు. ఊళ్లో అడుగు పెట్టలేదు. వచ్చాక అందరికీ "ఫ్లోరెన్స్ చూశాం" అనే చెప్పాను, మీలో కొందరికి కూడా చెప్పాను. క్షమించాలి.

అందుకని, బ్రోషర్ చేతికి రాగానే క్రియాపదాల కింద గీతలు గీయండి. "సందర్శన" అని ఉండి, పక్కన ప్రవేశ టికెట్ కలిపి అని ఉంటే లోపలికి తీసుకెళ్తారని అర్థం. "చూస్తారు" అంటే గాలిగోపురానికి దండం పెట్టుకుని వెనక్కి రావడం. "మీదుగా వెళ్తారు" అంటే ఆ దండమేదో బస్సు కిటికీలోంచి పెట్టుకోవడం. ఇక "ఫొటో స్టాప్" అని ఉంటే అది మహాలఘు దర్శనం. తిరుమలలో మహాలఘు దర్శనమైనా స్వామిని చూసినట్టే లెక్క. పారిస్ దగ్గరి వెర్సాయ్ రాజభవనానికి ఆ మినహాయింపు లేదు.

హోటల్ పేరు పక్కన చిన్న అక్షరాల్లో "లేదా తత్సమానమైనది" అని ఉంటుంది. తత్సమం అన్నారు కదా అని నమ్మాం, మాకు దొరికింది తద్భవం. ఫ్లోరెన్స్ హోటల్ అన్నది ఊరికి 50 కిలోమీటర్ల దూరంలో ఉంది. హోటల్ ఊరి మధ్యలో లేకపోయినా ఫర్వాలేదు, సాయంత్రం మన కాళ్ల మీద గానీ ట్రామ్‌లో గానీ ఊళ్లోకి వెళ్లి రాగలమా అన్నదే ప్రశ్న. జూన్ నెలలో అక్కడ రాత్రి 9 దాకా వెలుగుంటుంది. ఆ వెలుగంతా హైవే పక్క హోటల్ కారు పార్కింగు చూస్తూ గడిపితే ప్రాణం ఉసూరుమంటుంది.

రెండో పని. ఒక కాగితం మీద ఊళ్ల పేర్లు రాసి, ఒక్కోదాని ఎదురుగా అక్కడ ఎన్ని రాత్రులో వేయండి. దేశాలు లెక్కపెట్టకండి, పగళ్లు కూడా వద్దు. ఎక్కువ ఊళ్లకి ఒకటే రాత్రి పడితే ఆ టూర్ పక్కన పెట్టేయండి. ఒక్క రాత్రి అంటే చీకటి పడే వేళకి చేరడం, పొద్దున్న 6 గంటలకి నిద్ర లేపే ఫోను, ఆరున్నరకి సూట్‌కేసు తలుపు బయట, 7 గంటలకి టిఫిను, ఏడున్నరకి బస్సు. మా ఆవిడ ఆ 10 రోజుల్లో ఏడుసార్లు సూట్‌కేసు సర్దింది. ఏ ఊళ్లో ఏం చూసిందో గుర్తులేదు గానీ, ఏ హోటల్లో లిఫ్టు చిన్నదో మాత్రం చెబుతుంది.

ఈ రాత్రుల లెక్క నా చాదస్తం కాదు, వీసా ఇచ్చేవాళ్లూ ఇదే చూస్తారు. యూరప్‌లో చాలా దేశాలకి కలిపి ఇచ్చే షెంగెన్ వీసాకి ఏ దేశం కాన్సులేట్‌కి దరఖాస్తు పెట్టాలంటే, ఎక్కువ రోజులు ఎక్కడుంటే ఆ దేశానికి. అన్నిచోట్లా సమానమైతే మొదట కాలు పెట్టే దేశానికి. పెద్దలకి రుసుము 90 యూరోలు, 2024 జూన్ నుంచి అంతే. ప్రయాణానికి 6 నెలల ముందు నుంచీ పెట్టుకోవచ్చు. టూర్‌లో లండన్ కూడా కలిపి ఉంటే బ్రిటన్‌కి వేరే వీసా కావాలి. ఆ ఒక్క ఊరి కోసం రెండో ఫీజు, రెండోసారి వేలిముద్రలు, రెట్టింపు టెన్షన్. నన్నడిగితే లండన్‌ని ఇంకో ఏడాదికి ఉంచుకోండి.

ఇప్పుడు డ్రైవరు గురించి. ఇది ఏ బ్రోషర్‌లోనూ ఉండదు గానీ, టూర్ నడిచేది దీని మీదే. మన ప్రైవేటు బస్సు డ్రైవరు కాశీ యాత్రలో రాత్రంతా తోలి, పొద్దున్న టీ తాగి మళ్లీ స్టీరింగ్ పట్టుకోవడం మనకి అలవాటు. అక్కడ అలా కుదరదు. యూరోపియన్ యూనియన్ చట్టం ప్రకారం నాలుగున్నర గంటలు నడిపితే 45 నిమిషాలు ఆపాల్సిందే. రోజుకి నడిపేది 9 గంటలు, వారానికి రెండు రోజులు మాత్రం 10 దాకా పోవచ్చు. రాత్రి మామూలుగా 11 గంటల విశ్రాంతి ఇవ్వాలి. బస్సులో టాకోగ్రాఫ్ అనే యంత్రం ఇదంతా రాసుకుంటూ ఉంటుంది, పోలీసులు ఆపి చూస్తారు. వేగానికీ కళ్లెం ఉంది. జర్మనీ, ఆస్ట్రియా, ఇటలీ మోటారు రోడ్ల మీద కోచ్ గంటకు 100 కిలోమీటర్లు దాటకూడదు.

స్విట్జర్లాండ్‌లో మా బృందంలో ఒక కుటుంబం చాక్లెట్లు కొంటూ 50 నిమిషాలు ఆలస్యంగా వచ్చింది. డ్రైవరు గంటలు అయిపోయాయని, ఆ రాత్రి దీపాల వెలుగులో ఊరు చూపించే షికారు రద్దయింది. మావాళ్లు డ్రైవరు మీద మండిపడ్డారు, "ఇంకో గంట తోలితే ఏం పోయింది?" అని. పోయేది అతని డబ్బు, జరిమానా కింద. ఆయన నవ్వుతూ తాళంచెవి జేబులో వేసుకుని వెళ్లిపోయాడు. అప్పట్లో నాకూ కోపమే వచ్చింది. ఇప్పుడు తలుచుకుంటే, కొండ దారుల్లో మా 48 మంది నిశ్చింతగా నిద్రపోయింది ఆ చట్టం పుణ్యమే.

కాబట్టి బ్రోషర్‌లో ప్రతి రోజుకీ దూరం చూడండి. పారిస్ నుంచి లూసెర్న్ సుమారు 600 కిలోమీటర్లు. ఫోన్ మ్యాప్ చూపే సమయం కారుది. కోచ్‌కి దానిమీద మూడో వంతు కలుపుకోండి. అంత దూరం ఉన్న రోజున మరో మూడు చోట్లు కూడా చూపిస్తామని రాశారంటే, ఆ మూడింటి పక్కనా ఏ క్రియ వాడారో మళ్లీ చూడండి.

ఇంకో సంగతి. పాత ఊళ్లలోకి కోచ్ వెళ్లదు. వెనిస్‌లో ట్రొంకెట్టో అనే చోట ఆపేస్తారు, అక్కణ్ణుంచి పడవ ఎక్కాలి. పిసాలోనూ ఊరి బయటే. సాల్జ్‌బర్గ్‌లో అయితే కోచ్ ఆగడానికి కూడా ముందుగా సమయం బుక్ చేసుకోవాలి. దిగాక నడకే, అదీ గుండ్రాళ్లు పరిచిన వీధుల్లో. ప్రాగ్ కోట ఎక్కినరోజు నా మోకాలు నాతో మాట్లాడటం మానేసింది. ఏజెంటుని "రోజుకి ఎంత దూరం నడవాలి?" అని మొహమాటం లేకుండా అడగండి. "పెద్దగా ఉండదండీ" అంటే నమ్మకండి, కిలోమీటర్లలో చెప్పమనండి. బృందంలో ఎంతమందో కూడా అడగండి. వెనిస్ 2024లో 25 మందికి మించిన గైడెడ్ బృందాల్నీ, లౌడ్‌స్పీకర్లనీ నిషేధించింది. అంటే 48 మంది బస్సుకి అక్కడ ఇద్దరు గైడ్లు కావాలి. ఆ ఖర్చు ధరలో కలిపారో లేదో మనకి ముందే తెలియాలి.

టూర్ మేనేజరూ గైడూ ఒకరు కారు. మనతో పాటు వచ్చే మేనేజరు గదుల తాళాలు, భోజనాలు, తప్పిపోయినవాళ్లు, ఇవన్నీ చూసుకుంటాడు. ఊరి కథ చెప్పేది స్థానిక గైడు. ఇటలీలో గైడుకి లైసెన్సు ఉండాలి. "స్థానిక గైడుతో" అనే మాట ఎన్ని ఊళ్ల దగ్గర ఉందో లెక్కపెట్టండి. అది లేని చోట గోడలు చూసి వస్తాం, అంతే.

రెండోసారి మేము మూడే ఊళ్లు తీసుకున్నాం. ప్రాగ్, వియన్నా, బుడాపెస్ట్. ఒక్కోచోట 3 రాత్రులు. ప్రాగ్ నుంచి వియన్నా 330 కిలోమీటర్లు, అక్కణ్ణుంచి బుడాపెస్ట్ 250 లోపే, దారిలో బ్రాటిస్లావా. బస్సులో కూర్చున్నవి మొత్తం మీద రెండే పూటలు.

ప్రాగ్‌లో రెండో రోజు పొద్దున్న ఐదున్నరకి మెలకువ వచ్చింది. మా ఇద్దరికీ ఇక్కడి అలవాటే కదా, వాకింగ్‌కి బయల్దేరాం. హోటల్ నుంచి పావుగంట నడిస్తే చార్లెస్ వంతెన. 1357లో నాలుగో చార్లెస్ చక్రవర్తి పునాది వేయించాడు. పొడవు 516 మీటర్లు, మన గోదావరి మీది హేవలాక్ వంతెనలో ఐదో వంతు కూడా లేదు. అటూ ఇటూ కలిపి 30 రాతి, లోహ విగ్రహాలు. ముందురోజు మధ్యాహ్నం గైడుతో వచ్చినప్పుడు జనం తలకాయలు తప్ప ఏమీ కనపడలేదు. ఆ తెల్లవారుజామున వంతెన మీద మేమిద్దరం, ఒక పెళ్లిజంట, వాళ్ల ఫొటోగ్రాఫరు, నది మీద మంచు. నెపోముక్ జాన్ అనే సాధువు విగ్రహం కింద పలకని తాకి తాకి జనం మెరిసేలా చేశారు. మా ఆవిడ గుళ్లో నందిని తాకినట్టే దాన్ని తాకి, కళ్లకద్దుకుంది. బెంచీ దొరికితే కాసేపు కూర్చుందాం అంది, దొరకలేదు, రాతి గోడకి ఆనుకుని నిలబడ్డాం. ఇదేదీ బ్రోషర్‌లో లేదు. మూడు రాత్రులున్నాయి గనక దొరికింది.

భోజనం సంగతి చెబితే మీలో కొందరికి నచ్చదు. ప్రతి రాత్రీ ఇండియన్ రెస్టారెంటు అని రాసి ఉంటే మనకి ప్రాణం లేచొస్తుంది. కాశీ బస్సులో వంటమనిషిని వెంటబెట్టుకుని వెళ్లే జాతి మనది. కానీ 48 మందికి పప్పు, అన్నం పెట్టే చోటు ఊళ్లో ఎక్కడో ఒక మూల ఉంటుంది, బస్సు అక్కడికి వెళ్లాలి, మనం తినాలి, మళ్లీ హోటల్‌కి వెళ్లాలి. సాయంత్రమంతా దానికే ఖర్చు. రెండు రోజులకొక రాత్రి చాలు. మిగతా రాత్రులకి ఒక సంచిలో చింతకాయ పచ్చడి, అటుకులు, కారప్పొడి ఉంటే ఎవరికీ ఏ లోటూ రాదు. శాకాహారులు వియన్నాలో కాఫీ, ఆపిల్ స్ట్రూడెల్ అనే ఆపిల్ ముక్కల మిఠాయి మీద ఒక పూట గడిపేయొచ్చు, నేను గడిపాను.

డబ్బు మాట త్వరగా ముగిస్తాను. ప్యాకేజీ ధర మీద జీఎస్టీ, టీసీఎస్ (మన ఆదాయపు పన్ను ఖాతాలో ముందే వసూలు చేసేది) వేస్తారు. టీసీఎస్ పోయినట్టు కాదు, రిటర్ను వేసినప్పుడు సర్దుబాటు చేసుకోవచ్చు, రసీదు దాచుకోండి. ఆప్షనల్ టూర్లు అని బస్సులో అడిగి వసూలు చేసేవాటి పట్టిక ముందే తెప్పించుకుని అసలు ధరకి కలిపి చూసుకోండి. చెక్‌లో కోరునా, హంగరీలో ఫోరింట్, యూరో అన్నిచోట్లా నడవదు. వీసాకి కనీసం 30,000 యూరోల మెడికల్ ఇన్సూరెన్స్ తప్పనిసరి. అయితే మన వయసువాళ్లకి అసలు ప్రశ్న వేరే ఉంది. బీపీ, షుగరు లాంటి పాత జబ్బుల వల్ల ఏదైనా జరిగితే ఆ పాలసీ ఇస్తుందా, ఇవ్వదా? ఆ పేజీ కళ్లద్దాలు పెట్టుకుని చదవండి.

చివరగా, ఇందాకటి నుంచీ మీరందరూ అడగడానికి మొహమాటపడుతున్న ప్రశ్న. కోచ్‌లో టాయిలెట్ ఉన్నా చాలా బస్సుల్లో దానికి తాళమే. రెండు, రెండున్నర గంటలకి ఒకసారి ఆపుతారు, ఆపిన ప్రతిసారీ అవసరం ఉన్నా లేకపోయినా దిగండి. ఉచితమేమీ కాదు. జర్మనీ హైవేల మీద చాలాచోట్ల ఒక యూరో నాణెం వేస్తేనే గేటు తెరుచుకుంటుంది, మారుగా పక్క షాపులో వాడుకునే ఒక యూరో కూపన్ వస్తుంది. మొదటి టూర్‌లో ఏ షాపులోనూ కొనడానికి మాకు టైము ఇవ్వలేదు గనక ఆ కూపన్లు 11 ఇంకా మా బీరువాలో ఉన్నాయి. గడువు తీరిపోయే ఉంటుంది. వెళ్లేవాళ్లెవరైనా ప్రయత్నించి చూస్తానంటే ఇస్తాను.