ఈపీకి ఆరు నెలల గడువు: అమలు ఎక్కడ ఆగుతోంది?

యాంకర్: దావా గెలిచాక డిక్రీ, అంటే కోర్టు తుది ఆదేశం, అమలుకు వేసే ఎగ్జిక్యూషన్ పిటిషన్‌ను (ఈపీ) ఆరు నెలల్లో తేల్చాలని 2021లో రాహుల్ ఎస్. షా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2025 మార్చి 6న పెరియమ్మాళ్ కేసులో ఇంకా గట్టిగా చెప్పింది. పెండింగ్ ఈపీల లెక్క తీసి కింది కోర్టులను కదిలించమని హైకోర్టులన్నిటినీ ఆదేశించింది. జాప్యమైతే ఆ కోర్టు జడ్జి, అంటే ప్రిసైడింగ్ ఆఫీసరే జవాబుదారీ అంది. మరి ఫలితం?

విశ్రాంత జిల్లా జడ్జి: ఆ ఆదేశం తర్వాత ఆరు నెలల్లో 3,38,685 ఈపీలు తేలాయి, 2025 అక్టోబరు నాటికి 8,82,578 మిగిలాయి. అయితే తేలినవన్నీ ఒకటి కావండీ. ఆస్తి చేతికొచ్చో, డబ్బు జమయ్యో ముగిసినవి వేరు. నోటీసులు, వారెంట్ల ఖర్చుకు బత్తా కట్టలేదనో, డిక్రీ పొందిన డీహెచ్‌ఆర్ హాజరు కాలేదనో క్లోజ్ చేసినవి వేరు. ఈ రెండో రకం కొత్త నంబరుతో మళ్లీ వస్తాయి, ఈపీ వేసేందుకు లిమిటేషన్ గడువు 12 ఏళ్లుంది కదా. గడువు ఒత్తిడి పెంచితే ముందు పెరిగేవి ఇవే.

సివిల్ న్యాయవాది: స్వాధీనం ఈపీనే చూడండి. డిక్రీకి రెండేళ్లు దాటితే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 21 రూల్ 22 కింద అవతలివాళ్లకు నోటీసు. తర్వాత ఆస్తి అప్పగించే డెలివరీ వారెంటు. వారెంటు అమలుచేసే కోర్టు ఉద్యోగి అమీనా వెళ్తే ఇంటికి తాళం. తాళం పగలగొట్టేందుకు ఒక పిటిషను, పోలీసు సాయానికి ఇంకొకటి. అడ్డంకి తప్పదని తెలిసినచోట ఈ రెండూ ఒకేసారి వేసుకోవాలి. విడివిడిగా వేస్తే వాయిదాలకే నెలలు పోతాయి.

యాంకర్: అసలు చిక్కు అదేనా?

న్యాయవాది: కాదు, దావాలో లేని మూడో మనిషి. పెరియమ్మాళ్ కేసులో భూమి అమ్మినవాళ్ల బంధువులే కౌలుదారులమంటూ అడ్డుపడ్డారు. అలాంటి హక్కును ఆర్డర్ 21లోని రూల్ 101 ప్రకారం ఈపీలోనే తేల్చాలి, వేరే దావా కుదరదు. ఆ ఉత్తర్వుకు డిక్రీ బలం ఉంటుంది, అప్పీలూ ఉంటుంది. అంటే సాక్ష్యాలతో ఇంకో విచారణే.

జడ్జి: దాన్ని దావా దశలోనే అడ్డుకోవాలి. ఆస్తి ఎవరి అనుభవంలో ఉంది, ఇంకెవరికి హక్కుంది అని పార్టీలను అప్పుడే అడగమనీ, అవసరమైతే కమిషనర్‌తో ఆస్తి వివరాలు తెప్పించమనీ రాహుల్ షా తీర్పులో ఉంది. ఆంధ్రాలో రీసర్వే అయిన ఊళ్లలో మరో తలనొప్పి: డిక్రీలో పాత సర్వే నంబరు, రికార్డులో రీసర్వే ఇచ్చిన ఎల్‌పీఎం (ల్యాండ్ పార్సిల్ మ్యాప్) నంబరు. ఏది దేనికి సరిపోతుందో చూపే కాగితం ఈపీతోనే పెట్టకపోతే అమీనా పొలం గట్టు నుంచే వెనక్కొస్తాడు.

యాంకర్: డబ్బు డిక్రీలకు?

న్యాయవాది: ఆర్డర్ 21 రూల్ 41 కింద జేడీఆర్, అంటే డబ్బు కట్టాల్సినవాడి ఆస్తుల అఫిడవిట్ అడగాలి. కోర్టు ఆదేశించినా ఇవ్వకపోతే మూడు నెలల వరకు సివిల్ జైలు. చాలామంది ఇది అడగనే అడగరు!

యాంకర్: హైకోర్టులో సివిల్ రివిజన్ పిటిషన్ (సీఆర్పీ) వేసి, ఈపీని ఫలానా తేదీలోగా తేల్చాలని గడువు తెచ్చుకోవచ్చా?

జడ్జి: 2024 ఫిబ్రవరి 29న అయిదుగురు జడ్జీల రాజ్యాంగ ధర్మాసనం, ఫలానా కేసుకు ఫలానా గడువని మామూలుగా పెట్టకూడదంది. పై కోర్టుకు వెళ్లగలిగినవాడు వరుసలో ముందుకొస్తే మిగిలినవాళ్లు వెనకబడతారు. ఆరు నెలలకు స్టే దానంతటదే పోతుందన్న 2018 నియమాన్నీ అదే తీర్పు కొట్టేసింది. కాబట్టి అప్పీలులో స్టే ఉంటే ఊరుకోకుండా దాన్ని తొలగించమని వెకేట్ పిటిషన్ వేయాలి. స్టే లేకపోతే అప్పీలు ఉందన్న ఒక్క కారణంతో ఈపీ ఆగదు, ఆర్డర్ 41 రూల్ 5 చూపించి వారెంటు అడగొచ్చు.