ఆ కుర్రాడు ముద్దాయి కాదు: సెప్టెంబరు 11 తర్వాతి అమెరికాలో డాక్యుమెంటరీ తీయడం

మిత్రులారా, 2001లో అయిదేళ్లున్న ముస్లిం పిల్లాణ్ణి న్యూయార్క్‌లో పదేళ్లపాటు చిత్రీకరిస్తున్నారనుకోండి. మొదటి రోజే నోటికొచ్చే ప్రశ్న "ఆ దాడుల గురించి ఏమనుకుంటున్నావు?" అన్నది. అడిగిన క్షణాన వాడు ముద్దాయి అయిపోతాడు. ఏం చెప్పినా సంజాయిషీలాగే వినిపిస్తుంది. బడి, బాస్కెట్‌బాల్, అన్నతో తగవులతో మొదలుపెట్టండి. ఆ మాట వాడే ఎత్తేదాకా ఆగండి.

అలాగని నేపథ్యం తెలియకుండా వెళ్లొద్దు. ఎఫ్‌బీఐ లెక్కల్లో ముస్లింలపై విద్వేష నేరాల ఘటనలు 2000లో 28, మరుసటేడు 481. 2002లో ప్రభుత్వం తెచ్చిన ప్రత్యేక నమోదు కింద 25 దేశాల (ఎక్కువగా ముస్లిం దేశాలే) నుంచి వీసా మీద వచ్చిన, 16 ఏళ్లు నిండిన మగవాళ్లు వేలిముద్రలిచ్చి రావాల్సొచ్చింది. 13 వేలమందికి పైగా దేశం నుంచి పంపేసే కేసుల్లో చిక్కుకున్నారు. అందుకే ఇంట్లోవాళ్ల వీసా సంగతులు రికార్డు చేయకండి. వాడని ఫుటేజీని కూడా కోర్టు అడగొచ్చు, అసలు తీయనిదాన్ని అడగలేదు.

అనుమతి పత్రం మీద ఒక్క సంతకం చాలదు. పెద్దల సంతకంతోపాటు పిల్లాడి సమ్మతి కావాలి. ప్రతి షెడ్యూలుకూ మళ్లీ అడగాలి. 18 నిండాక తనే సంతకం పెట్టాలి. ఏడేళ్లప్పుడు ముద్దుగా అన్న మాట కాలేజీలో మెడకు చుట్టుకుంటుంది. ఏ తేదీదాకా తప్పుకోవచ్చో కాగితం మీదే రాయండి.

రంజాన్ ఏటా పది పదకొండు రోజులు ముందుకు జరుగుతుంది. 2001లో నవంబరు మధ్యలో మొదలైంది, అప్పుడు న్యూయార్క్‌లో ఇఫ్తార్ సాయంత్రం నాలుగున్నర దాటగానే. 2011లో ఆగస్టు 1న మొదలైంది, ఇఫ్తార్ రాత్రి ఎనిమిది దాటాక. పాత షెడ్యూలు, పాత లైటింగ్ రెండూ పనికిరావు. ఖర్జూరం నోట్లో పడ్డాక రెండో టేక్ ఉండదు, రెండు కెమెరాలు ముందే సిద్ధం చేసుకోండి.

హిజాబ్ కట్టుకునే అమ్మాయైతే కాలర్ మైక్ బట్ట లోపల దాస్తే పాలిస్టర్ రాసుకుని బరబరమంటుంది. మైక్ ఆమె చేతికిచ్చి ఆమెనే పెట్టుకోమనండి, బట్ట పైకి కనబడినా ఫరవాలేదు. కుదరకపోతే పైనుంచి బూమ్ (పొడవాటి కర్రకు కట్టిన మైక్).

అసలు ప్రమాదం ఎడిటింగ్‌లో ఉంది. న్యూయార్క్ ముస్లిం కుర్రాడు, పోలీస్ కేడెట్ సల్మాన్ హమ్దానీకి 23 ఏళ్లు. సెప్టెంబరు 11న టవర్ల దగ్గరికి సాయం చేయడానికి వెళ్లి అక్కడే చనిపోయాడు. అవశేషాలు దొరికాయని 2002 మార్చిలో ఇంటికి కబురొచ్చింది. ఈలోగా దాడుల్లో అతని హస్తం ఉందేమోనని అతనిమీదే అనుమానాలు వచ్చాయి, అదీ దాడుల తర్వాత తెచ్చిన ఉగ్రవాద నిరోధక పేట్రియట్ చట్టంలో వీరుడిగా అతని పేరు రాసుకున్న దేశంలో. కూలుతున్న టవర్ల పక్కన కుర్రాడి ముఖం అతికిస్తే మీరూ అదే అనుమానాన్ని రాజేస్తారు. వ్యాఖ్యానం ఏం చెప్పినా చూసేవాడి మెదడు ఆ రెండు షాట్లనే కలుపుకుంటుంది. సంగీతం, వ్యాఖ్యానం తీసేసి ఆ సీను ఒకసారి చూడండి. అప్పుడూ ముఖం మీద నింద కనిపిస్తే టవర్ల షాటును తీసేయండి, ముఖాన్ని కాదు.